చెల్లెలు రావాలా వద్దా

మా పక్కింటావిడ సినిమా డైరెక్టరు. ఈ మాట మనవాళ్ళతో అన్నప్పుడల్లా మొదట వచ్చే ప్రశ్న, "ఏ హీరోతో చేసింది?" అని. ఎవరితోనూ చేయలేదు. ఆవిడది తైవాన్. కథ రాసుకునేదీ తనే, తీసేదీ తనే. ఇన్నేళ్ళ కెరీర్‌లో తీసినవి మూడు సినిమాలు. వాటిలో ఒకటి తనది కాదంటుంది. మూడోది మా వంటింట్లో తీసింది. దానివల్ల నాకు పెరిగిన బీపీ గురించే ఇదంతా.

నేపర్‌విల్‌లో మావి గోడకి గోడ ఆనుకున్న టౌన్‌హోమ్స్. నేను రోజూ రైలెక్కి చికాగో వెళ్ళి ఆఫీసు చేసుకొస్తాను. ఆవిడ శనివారాలు పిల్లలకి చైనీస్ నేర్పుతుంది, మిగతా రోజులు రాసుకుంటుంది. మా ఇద్దరి మాటలూ ఇంగ్లిష్‌లోనే. ఆవిడ ఇంగ్లిష్ ఆవిడది, నా ఇంగ్లిష్ నాది. వాటినే ఇక్కడ తెలుగులో రాస్తున్నాను.

మొదట్లో చెత్తబుట్టలు రోడ్డు మీద పెట్టేటప్పుడు హలో అనుకోవడమే మా పరిచయం. ఒక చలికాలం సాయంత్రం, నేను సెలవులో ఇంట్లో ఉన్నప్పుడు, తనింటికి పొరపాటున వచ్చిన మా పార్సిల్ ఇవ్వడానికి వచ్చి, వంటింట్లో నిలబడిపోయింది. నేను పప్పుకి తాలింపు పెడుతున్నాను. పడమటి కిటికీలోంచి వస్తున్న ఎండని చూస్తూ, "ఈ వెలుతురు రోజూ ఇలాగే ఉంటుందా?" అంది. నాకేం తెలుసు? ఆ వేళకి నేను రోజూ రైల్లో ఉంటాను. టీ ఇస్తే తాగింది. మళ్ళీ ఇస్తే మళ్ళీ తాగింది. ఎండ పోయాక లేచి వెళ్ళింది.

ఆవిడ దగ్గర ఏదీ ఒక్కసారిగా తెలియదు. మాట మాట లాగాలి. ముప్పై నిండకముందే మొదటి సినిమా తీసిందట. తను పుట్టిన రేవు ఊళ్ళో, సొంత మేనత్త నూడుల్స్ అంగడిలో, ఆ మేనత్తనే పెట్టి. అది దేశదేశాలు తిరిగి బహుమతి కూడా తెచ్చుకుంది. సొంత ఊళ్ళో మాత్రం వారం తిరక్కుండానే ఎత్తేశారు. మేనత్త అయితే, "నా అంగడి ఇంత మురికిగా ఉంటుందా?" అని చాలాకాలం మాట్లాడలేదట. ఆ తర్వాత పొట్టకూటికి టీవీ సీరియళ్ళు రాసింది. అత్తలు, కోడళ్ళు, చెంపదెబ్బలు. "మావీ అవే!" అన్నాను సంతోషంగా. ఆవిడ సంతోషించలేదు. రెండో సినిమా సంగతి అడిగితే కిటికీ వైపు చూసింది. తర్వాత పెళ్ళి, అమెరికా, పిల్లవాడు. వాడు కాలేజీకి వెళ్ళాక మూడో కథ రాయడం మొదలుపెట్టింది.

ఆ కథ ఇది. ఇల్లినాయ్‌లో ఒక అక్క ఉంటుంది. తైవాన్‌లో ఉన్న చెల్లెలితో చాలా ఏళ్ళుగా మాటల్లేవు. ఒకరోజు చెల్లెలు ఫోన్ చేసి, వస్తున్నానంటుంది. అక్క ఇల్లంతా సర్దుతుంది, సూప్ కాస్తుంది, బల్ల మీద రెండు గిన్నెలు పెట్టి కూర్చుంటుంది. చెల్లెలు రాదు. అంతే.

"ఎందుకు పోట్లాడుకున్నారు?" అన్నాను.

"అక్కాచెల్లెళ్ళు కదా."

"మరి ఎందుకు రాలేదు?"

"అక్కకి తెలియదు. నాకూ తెలియదు."

నాకు ఒళ్ళు మండింది. రాసినావిడకే తెలియకపోతే ఇంకెవరికి తెలుస్తుంది? ఈ కథ పట్టుకుని ఆవిడ ఏళ్ళ తరబడి గ్రాంట్లకి అప్లై చేస్తోంది. ఎవరూ ఇవ్వడంలేదు. ఎందుకు ఇవ్వరో నేను పప్పు ఎనుపుతూ చెప్పగలను. కానీ ఆవిడ రాసిన పేజీలు ఇస్తే రైల్లో చదివాను. ఆ అక్క ముల్లంగి చెక్కు తీసే పద్ధతి, చేతులు తుడుచుకునే పద్ధతి చదువుతుంటే, నేను దిగాల్సిన స్టేషను దాటిపోయింది. అదీ కోపమే. మనిషి చేతిలో ఇంత పెట్టుకుని చెల్లెల్ని రానివ్వదేం?

మా తెలుగు చర్చిలో ఒక అన్నయ్యగారున్నారు. పిల్లలందరికీ ఆయన సినిమా అంకుల్. చేసేది ఐటీ కన్సల్టెన్సీ, ప్రాణం మాత్రం సినిమా. తెలుగు సినిమాలు ఇక్కడి థియేటర్లకి తేవడంలో ఆయన చెయ్యి ఉంటుంది. స్నేహితులతో కలిసి పెట్టుబడి కూడా పెడతారు. ఆదివారం ఆరాధన అయ్యాక, పులిహోర ప్లేటు పట్టుకుని నిలబడ్డప్పుడు ఈవిడ సంగతి ఎత్తాను. ఆయన కళ్ళు మెరిశాయి. "ఫెస్టివల్ డైరెక్టరా? తీసుకురామ్మా, కథ చెప్పమను, విందాం" అన్నారు.

కథ చెప్పమను. ఈ మాటకి అర్థం ఆవిడకి వివరించడానికి నా తాతలు దిగొచ్చారు. "స్క్రిప్ట్ పంపుతాను, చదువుకోమనండి" అంటుంది. "మాలో ఎవరూ చదవరండీ" అన్నాను. మనలో డైరెక్టర్ ఎదురుగా కూర్చుని మొదటి సీను నుంచి చివరి సీను దాకా నటిస్తూ చెప్పాలి, ఏడ్చే చోట ఏడవాలి, ఫైటు దగ్గర లేచి నిలబడాలి, వెనక మ్యూజిక్ కూడా నోటితోనే కొట్టాలి అన్నాను. "నోటితోనా?" అంది. ఇంటర్వెల్ దగ్గర ఎలా కొట్టాలో కొట్టి చూపించాను. నవ్వుతుందేమోనని చూశాను. నవ్వకుండా ఇంకోసారి కొట్టమంది.

ఒక శనివారం సాయంత్రం ఆవిడ బడి అయ్యాక అందర్నీ మా బేస్‌మెంట్‌లో కూర్చోబెట్టాను. అన్నయ్యగారు, వాళ్ళావిడ, పెట్టుబడి పెట్టే స్నేహితులు. మిరపకాయ బజ్జీలు వేశాను. ఈవిడ నల్ల స్వెట్టర్ వేసుకుని, చేతులు ఒళ్ళో పెట్టుకుని మొదలుపెట్టింది. "ఒక స్త్రీ. చెల్లెలి కోసం వంట చేస్తుంది. చెల్లెలు రాదు." అయిపోయింది. బజ్జీల మీద ఆవిరి ఇంకా పోలేదు.

అందరూ నా వంక చూశారు. ఇక తప్పక నేను అందుకున్నాను. చదివింది చదివినట్టే చెప్పాను, ఒక్క ముక్క కలపలేదు. ముల్లంగి దగ్గర్నుంచి, అక్క చీర మార్చినట్టు చొక్కా మార్చుకుని, మళ్ళీ పాతదే వేసుకోవడం దాకా. చిన్నప్పుడు సినిమా చూసొచ్చి వాకిట్లో కూర్చుని వీధి వీధికంతా చెప్పినదాన్ని, నాకు ఇదొక లెక్కా? వదినగారు బజ్జీ చేతిలో పట్టుకుని అలాగే ఉండిపోయారు. అక్క బల్ల దగ్గర కూర్చుంది, చీకటి పడింది, ఎవరూ రాలేదు అని ముగించాను.

"రావాలమ్మా" అన్నారు అన్నయ్యగారు. "ఇంత బిల్డప్ ఇచ్చి రాకపోతే ఎలా? బెల్ మోగాలి. డోర్ ఓపెన్ చేస్తే చెల్లెలు. ఇద్దరూ పట్టుకుని ఏడవాలి. థియేటర్ అంతా ఏడుస్తుంది."

ఇంకేముంది, తలా ఒక చెయ్యి వేశారు. ఒకాయన చెల్లెల్ని కూతురితో సహా రప్పించాడు. ఇంకొకాయన ఎయిర్‌పోర్ట్‌లో యాక్సిడెంట్ చేసి ఇంటర్వెల్ వేశాడు. అన్నయ్యగారు మాత్రం ఖాయంగా తేల్చారు. "నాకు ఏ మార్పూ అక్కర్లేదు. భాష మీ ఇష్టం, ఆర్టిస్టులు మీ ఇష్టం. చెల్లెలు వస్తే చాలు, రేపే స్టార్ట్ చేద్దాం."

ఆవిడ చాలా మర్యాదగా అందరి మాటలూ విని, "ఆలోచిస్తాను" అంది. మనం "చూద్దాం" అంటామే, అలాగే.

అందరూ వెళ్ళాక గిన్నెలు కడుగుతూ ఆవిడ మీద పడ్డాను. "మీకేమైనా పిచ్చా? ఒక్క తలుపు తెరవడానికి ఏమైంది? ముందు సరే అనండి. తీసేటప్పుడు మీ ఇష్టం వచ్చినట్టు తీసుకోవచ్చు. అందరూ చేసేది అదే."

గిన్నె తుడుస్తున్న చెయ్యి ఆగింది. అప్పుడు చెప్పింది రెండో సినిమా సంగతి. తండ్రీ కూతుళ్ళ కథ. చివర్లో కూతురి పెళ్ళి ఉండాలన్నాడు నిర్మాత. ముందు సరే అందాం, ఎడిటింగ్‌లో చూసుకుందాం అనుకుందట. ఎడిటింగ్ రోజు వచ్చేసరికి ఆ గది తాళం తన చేతిలో లేదు. ఇంకెవరినో పెట్టి పెళ్ళి తీసి అతికించారు. సినిమా మీద పేరు మాత్రం ఈవిడదే.

"ఆడిందా?" అన్నాను. ఉండబట్టలేదు.

"బాగా ఆడింది. ఇప్పటికీ పండగలకి టీవీలో వేస్తారు. నేను చూడలేదు."

నాకు జాలి కలిగింది. కానీ కోపం పోలేదు. ఒకసారి పాలు తాగి నోరు కాలితే మజ్జిగ కూడా ఊదుకుని తాగాలా? మా అన్నయ్యగారు దొంగ కాదే! ఎంత చెప్పినా తాను పట్టిన కుందేలుకి మూడే కాళ్ళంది. మర్నాడు ఆయనకి ఫోన్ చేసి స్వయంగా వద్దని చెప్పేసింది. ఆయన నాతో, "పోనీలే అమ్మా, ఆవిడ కర్మ" అన్నారు. నేను మాత్రం పోనివ్వలేదు. చాలా రోజులు చెత్తబుట్టల దగ్గర కూడా మొహం తిప్పుకుని తిరిగాను.

నవంబరులో తలుపు కొట్టింది. చేతిలో ఆరెంజ్‌ల సంచీ. భర్త, చైనీస్ బడిలో కెమెరా పట్టడం తెలిసిన ఒక కుర్ర టీచరు, మైకు పట్టుకోవడానికి ఇంకో అమ్మాయి, అంతే యూనిట్. అక్కగా వేసేది బడిలో రిటైరైన ఒక పెద్ద టీచరు, జన్మలో నటించలేదు. "మీ వంటిల్లు కావాలి" అంది. నేను వద్దనాలి. అనడానికే నోరు తెరిచాను. "ఎన్నాళ్ళు?" అని వచ్చింది.

మొదటిరోజు పొద్దున్నే వాకిట్లో చిన్న బల్ల వేసి, ఎర్రగుడ్డ పరిచి, పళ్ళు పెట్టి, కెమెరాని కూడా ఎర్రగుడ్డతో కప్పింది. షూటింగ్ మొదలుపెట్టే ముందు వాళ్ళ ఆచారమట. మన ముహూర్తం షాటులాంటిదే, కొబ్బరికాయ బదులు అగరొత్తులు. ఇంట్లో పెడతానంటే, "అమ్మా, మేం చర్చి వాళ్ళం, ఇంట్లో అగరొత్తులు వద్దు" అని బయట పెట్టించాను. మంచులో నిలబడి నాలుగు దిక్కులకీ వంగి దండం పెట్టారు. ఇంటివాళ్ళు కూడా అగరొత్తి పట్టుకోవాలట. పట్టుకోనన్నాను. గడపలో చేతులు కట్టుకుని, "ప్రభువా, ఈ షూటింగ్ త్వరగా ముగించు" అని నా ప్రార్థన నేను చేసుకున్నాను. ప్రభువు ఆలకించలేదు.

వారం అనుకున్నది సాగుతూనే ఉంది. మబ్బు పడితే షూటింగ్ లేదు. ఎండ ఎక్కువైతే లేదు. నా చింతపండు డబ్బా ఫ్రేములో పడుతోందని తీసి మెట్ల కింద పెట్టింది. రెండు రోజులకి అక్కడ ఖాళీగా ఉందని మళ్ళీ పెట్టించింది. నేను ఆ డబ్బా ముట్టుకోకూడదు. కుక్కర్ ముట్టుకోకూడదు. గ్యాస్ పొయ్యి పక్కన పసుపు మరక సగం తుడిచేశానని ఒక పూటంతా మొహం చిన్నబుచ్చుకుంది. ఆ మరక కోసమే ఈ వంటిల్లు ఎంచుకుందట! పెద్ద టీచరు రోజూ నిజంగానే సూప్ కాసేది. ఫ్రిజ్ తెరిస్తే సూప్. మావారు గరాజ్‌లో కూర్చుని ఆఫీస్ కాల్స్ మాట్లాడుతున్నారు. మా అబ్బాయి, "మమ్మీ, మనం టైవానీస్ అయిపోయామా?" అన్నాడు.

సెలవు పెట్టిన రోజున చూశాను ఆవిడ పని. ఆ టీచరు కూర్చోవాలి. కూర్చుని ఎదురుచూడాలి. అంతే షాటు. అయిపోయాక ఈవిడ నెమ్మదిగా వెళ్ళి చెవిలో ఏదో చెబుతుంది. మళ్ళీ కూర్చోవాలి. ఏం చెప్పారని అడిగాను. "ఏం చెయ్యొద్దని చెప్పాను" అంది. పాపం ఆ టీచరు అప్పటికే ఏం చేయడం లేదు!

చివరిరోజు, బల్ల దగ్గర చీకటి పడే సీను. మెసేజ్ పెట్టేదాకా ఇంటికి రావద్దని గట్టిగా చెప్పింది. రాత్రికి మంచు తుపాను వస్తుందని మా ఆఫీసు ముందే వదిలేశారు. రైలు దిగి ఇంటిదాకా వచ్చి, బయట కార్లోనే కూర్చున్నాను. కారు వేడెక్కడం లేదు. బూట్లలోకి నీళ్ళు దిగాయి. ఫోన్ చూస్తే మెసేజ్ లేదు. ఎంతసేపని కూర్చుంటాను? నా ఇల్లు, నా తలుపు, నా తాళం. నా ఇంటికి నేను వెళ్ళడానికి తైవాన్ పర్మిషన్ ఏమిటని తలుపు తోసుకుని లోపలికి వెళ్ళాను.

వంటింట్లో లైటు లేదు. టీచరు బల్ల దగ్గర కూర్చుని ఉంది. తలుపు చప్పుడుకి తలెత్తి నా వైపు చూసింది. "ఇంకా అవ్వలేదా తల్లీ?" అన్నాను తెలుగులోనే, విసుగ్గా. ఎవరూ కట్ అనలేదు. అప్పుడు చూసుకున్నాను, కెమెరా తిరుగుతోందని. నాలుక కరుచుకుని సారీ సారీ అన్నాను. మా డైరెక్టరు టీచరు ముఖం వంకే చూస్తూ నిలబడింది. తర్వాత, "అయిపోయింది, సర్దేయండి" అంది. నా మీద కోపంతో అందేమో అనుకున్నాను. మళ్ళీ తీస్తారని ఎదురుచూశాను. తీయలేదు. నా మూలంగా చివరి షాటు చెడిందని, చెడినా నోరెత్తదని, సినిమా తయారయ్యేదాకా నాకు నిద్ర సరిగా పట్టలేదు.

ఎండలు మొదలయ్యాక ఊరి లైబ్రరీ హాల్లో వేశారు. బడి వాళ్ళు, ఇరుగుపొరుగు, మా చర్చి నుంచి కొందరు. అన్నయ్యగారు వదినగారితో వచ్చి ముందువరసలో కూర్చున్నారు. నేను వెనక కూర్చున్నాను. సినిమా నడిచింది. ముల్లంగి, సూప్, చొక్కా. నా పసుపు మరక. ఎవరూ కదల్లేదు. బల్ల దగ్గర అక్క కూర్చుంది. కిటికీలో వెలుతురు తగ్గుతూ తగ్గుతూ పోయింది. ఇక్కడ చీకటైపోవాలి, కథలో అంతే ఉంది.

తలుపు చప్పుడైంది. అక్క తలెత్తింది. ఎవరో వచ్చారన్న సంతోషం, వచ్చిందెవరో గుర్తుపట్టడానికి ముందే కలిగే సంతోషం, ఆ ముసలి ముఖం నిండా విచ్చుకుంది. తెర నల్లబడిపోయింది. నా మాట తీసేశారు. నేను లేను. తలుపు మాత్రం ఉంది.

"వచ్చింది! వచ్చిందా లేదా? నేను చెప్పలా?" అని అన్నయ్యగారు లేచి చప్పట్లు కొట్టారు. వదినగారు కళ్ళు తుడుచుకుంటూ ఆయన చొక్కా పట్టుకుని కూర్చోబెట్టారు.

నాకు ఎక్కడలేని కోపం ముంచుకొచ్చింది. ఇన్నేళ్ళు ఎవరు చెప్పినా వినకుండా, చేతికొచ్చిన అవకాశం కాలదన్నుకుని, నా వంటింటిని నెల పైన ఆక్రమించి, చివరికి తీసింది మా అన్నయ్యగారు బజ్జీ తింటూ చెప్పిందా? జనం వెళ్ళేదాకా ఆగి పార్కింగ్ లాట్‌లో పట్టుకున్నాను.

"చెల్లెలు వచ్చేస్తే మీ ప్రాణం పోతుందన్నట్టు చేశారు కదా! అప్పుడే ఒప్పుకుని ఉంటే ఈపాటికి పెద్ద థియేటర్లలో ఆడేది."

"అప్పుడు అక్క కాగితం మీద ఉంది" అంది. "కాగితం మీద ఎన్నేళ్ళయినా ఒంటరిగా కూర్చోబెట్టగలను. మీ వంటింట్లో నా ఎదురుగా కూర్చుంది. రోజూ సూప్ కాసి, నిజంగా కూర్చుంది. ఆ రోజు మళ్ళీ కూర్చోమనడానికి లేచాను. అప్పుడు మీరు వచ్చారు. ఆమె ముఖం చూశాను. అది తీసేయడం నా వల్ల కాలేదు."

"తీసేయమని ఎవరైనా అన్నారా?"

"ఎవరూ అనలేదు. అందుకే ఉంచాను."

ఆవిడ పక్కన నిలబడి చూస్తే, ఇన్నేళ్ళలో మొదటిసారి ఆ మనిషి ముఖంలో అలసట లేదు. తన సినిమా తన చేతుల్లోంచే బయటికి వెళ్ళింది. అయినా నేను ఊరుకునే రకం కాదు. "సరే, ఆ వచ్చింది చెల్లెలేనా, ఇంకెవరైనానా? లోపల అందరూ అదే అడుగుతున్నారు. ఇదైనా మీకు తెలుసా?" అన్నాను.

ఆవిడ నా వైపు ఆశ్చర్యంగా చూసింది. "నన్నడుగుతారేం?" అంది. "వచ్చింది మీరు."